తారకయోగమున వెలుగు, వన్నె, చూపు: కడప కర్నూలు సీమల సంప్రదాయ పరిశీలనము

తెలుగుదేశపు తాత్త్విక చరిత్రను వ్రాయువారు సాధారణముగా అద్వైత, విశిష్టాద్వైత, ద్వైతములను, వీరశైవమును పేర్కొని విరమింతురు. భాష్యగ్రంథములకంటె మఠములందును, తత్త్వగీతములందును, భజనగోష్ఠులందును అధికముగా నిలిచిన తారకయోగమునకు ఆ చరిత్రలలో దక్కిన తావు స్వల్పము. కడప, కర్నూలు సీమలలో పోతులూరి వీరబ్రహ్మముగారి పేర వ్యాపించిన సంప్రదాయమున ఈ యోగమునకు ప్రధానస్థానము కలదు. వెలుగును, వన్నెలను, చూపును ముఖ్యముగా గైకొన్న దర్శన మిది. ఇందలి వర్ణదర్శనము సాధనలో గలుగు వింత యనుభవము మాత్రమేనా, లేక జ్ఞానమునకు ప్రమాణ మెయ్యది, దాని కధికారి యెవ్వడు అను ప్రశ్నలకు సమాధానమా యని విచారించుట మా యుద్దేశము. రెండవదియే నిజమని మా యభిప్రాయము.

తారకమనగా తరింపజేయునది. గర్భ జన్మ జరా మరణ భయములనుండి దాటించునది గావున ఆ పేరు గలిగినదని అద్వయతారకోపనిషత్తు నిర్వచించినది. శుక్లయజుర్వేదమునకు జేర్పబడిన ఈ చిన్న యుపనిషత్తును, మండలబ్రాహ్మణోపనిషత్తును ఈ యోగమునకు ఆధారములు. ‘తార’ యను సంస్కృతపదమునకు నక్షత్రమనియు, కంటిపాప యనియు అర్థములు గలవు. కంటి తారలలో సూర్యచంద్రుల ప్రతిఫలనము గలదని చెప్పి, బ్రహ్మాండమందలి వెలుగును పిండాండమందు వెదుకుమని ఈ ఉపనిషత్తు బోధించినది.

లక్ష్యములు మూడు: అంతర్లక్ష్యము, బహిర్లక్ష్యము, మధ్యలక్ష్యము. బహిర్లక్ష్యమున నాసికాగ్రమున కెదుట 4, 6, 8, 10, 12 అంగుళముల దూరమున చూపు నిలుపవలెను. అచ్చట నీలము, శ్యామము, ఎరుపు, పసుపు మున్నగు వన్నెలతో గూడిన ఆకాశము తోచును. మధ్యలక్ష్యమున సూర్యమండలమువలెను, అగ్నిజ్వాలవలెను వెలుగులు గోచరించును. తరువాత ఐదాకాశములు చెప్పబడినవి. వానిలో పరమాకాశము గాఢాంధకారమును బోలినది. చీకటియు దర్శనములో నొక భాగమే యగుట గమనింపదగినది.

తదేకముగా ఒకచోట చూపు నిలిపినవానికి లేని రంగులు తోచుట నేటి నేత్రశాస్త్రము ఎరిగిన విషయమే. కావున ఇదంతయు దృష్టిభ్రమ యని కొట్టివేయువారు గలరు. కాని ఆ వన్నెలే పరమార్థమని తారకము చెప్పలేదు. ఇంద్రియములకు అందునంతవరకు మూర్తితారకము. కనుబొమల కావలిది అమూర్తితారకము. తారకము పూర్వయోగము, మనస్సు లయించిన అమనస్కము ఉత్తరయోగము. వన్నెలు బాటలోని గురుతులేగాని చేరవలసిన యూరు కావు.

ఇచ్చట ప్రత్యక్షమును గూర్చిన విచార మొకటి కలదు. రూపమును గ్రహించుటకు కన్నొక్కటియే చాలదు. మనస్సు తోడు కావలెను. బయట నెట్లో లోపల నట్లే. ఆత్మ, మనస్సు, చక్షువు కలిసినగాని లోపలి రూపము తోపదు. ఇది నైయాయికుల ప్రత్యక్షప్రక్రియకు దగ్గరగా నున్నది. వారి మతమున ఆత్మ మనస్సుతోను, మనస్సు ఇంద్రియముతోను, ఇంద్రియము విషయముతోను కూడవలెను. భేదమేమనగా, నైయాయికుడు విషయమును నిశ్చయించుటకు ఈ కూడికను చెప్పగా, తారకయోగి మొదట విషయమును, పిదప మనస్సును విడిచి, చూచువానిని మిగుల్చుకొనుటకు దానిని వినియోగించెను.

ఈ సిద్ధాంతమును తెనిగించినవారిలో ఓరుగంటి పరశురామపంతుల లింగమూర్తి ముఖ్యుడు. ఆయన సీతారామాంజనేయసంవాదము తారక, సాంఖ్య, అమనస్క యోగములను వరుసగా వివరించినది. తరిగొండ వెంగమాంబ రాజయోగామృతసారమును రచించినది. ఆమె యూరగు తరిగొండ, 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడువరకు కడప జిల్లాలోనిదే.

వీరబ్రహ్మముగారి విషయమున సంప్రదాయకథనమే మనకు ప్రధానాధారము. బనగానపల్లెలో గరిమిరెడ్డి అచ్చమ్మ యింట పశువులను గాచి, రవ్వలకొండ గుహలో కాలజ్ఞానమును వ్రాసి, కందిమల్లాయపల్లెలో 1693లో జీవసమాధి నొందిరని ఆ కథనము. బనగానపల్లె 1948 వరకు సంస్థానము. పిదప కర్నూలు జిల్లాలో జేరి, 2022 నుండి నంద్యాల జిల్లాలో నున్నది. ఆయన విశ్వబ్రాహ్మణ కులజుడు. కమ్మరము, వడ్రంగము, కంచరము, శిల్పము, స్వర్ణకారము ఆ కులమువారి పంచవృత్తులు. కొలిమిలోని యినుము ఎంత కాగినదో కమ్మరికి దాని రంగే చెప్పును. తెలుగున ‘వన్నె’ యనగా రంగు. బంగారపు మేలిమియు వన్నెయే. పదునారువన్నెల బంగారమను వాడుక అట్టిది. రంగును బట్టి లోని గుణమును గుర్తించుట దినకృత్యమైనవారి నడుమ వర్ణదర్శనసిద్ధాంతము సులభముగా నాటుకొనియుండునని మే మూహించుచున్నాము.

ఈ సిద్ధాంతమున కెదురైన ప్రశ్నను ఆ సంప్రదాయమే కక్కయ్య కథగా నిలుపుకొన్నది. బ్రహ్మముగారు శిష్యుడగు సిద్ధయ్యకు దేహమందలి పద్మములను, వాని దేవతలను బోధించుచుండగా చర్మకారుడగు కక్కయ్య చాటున వినెను. ఇంటికేగి నిద్రించుచున్న భార్య శరీరమును కోసి చూడగా రక్తమాంసములే కనబడినవి. అతడు వచ్చి స్వామిని నిలదీసెను. స్వామి ఆమెను బ్రదికించి, అతనికి సత్యమును చూపెనట. ఈ కథను మహిమగా మాత్రమే చదువరాదు. కక్కయ్య దోషము సంశయించుట కాదు, పరీక్షించుటయు కాదు. చూచువాని యందు వెదుకవలసినదానిని చూడబడు పరదేహమున వెదకుట అతని దోషము. దానికి మూల్యము చెల్లించినది అతని భార్య. వెలుగును వస్తువుగా భావించినచో బోధ హింసగా మారునని ఈ కథ హెచ్చరించుచున్నది.

తెలుగునాట వెలసిన అచలసంప్రదాయము ఇంకొక యడుగు ముందునకు వేసినది. చూపు, వెలుగు మాత్రమే కాదు, ఎరుక సయితము విడువవలసినదే యనియు, బయలే పరిపూర్ణమనియు అచలవాదుల నిర్ణయము. తారకము చూచువానియొద్ద ఆగినది. అచలము చూచువానిని గూడ నిలువనీయలేదు.

ఇక అధికారవిషయము. ‘వర్ణము’ అను మాటకు రంగనియు కులమనియు రెండర్థములు గలవు. లోపలి వర్ణములను చూచుటకు బయటి వర్ణమును అడుగనక్కరలేదని ఈ సంప్రదాయచరిత్ర చూపుచున్నది. గురువు విశ్వబ్రాహ్మణుడు, ప్రియశిష్యుడు దూదేకుల సిద్ధయ్య, ప్రశ్నించినవాడు కక్కయ్య, రాజయోగమును ద్విపదలో గూర్చినది వితంతువగు వెంగమాంబ. వేదాధ్యయనమునకు ఆనాటి సమాజము వీరిలో ననేకులకు అనుమతి నీయలేదు. కాని కన్ను, మనస్సు అందరికిని గలవు. ప్రమాణమును గ్రంథమునుండి చూపునకు మార్చుటచేతనే తారకయోగము ఈ కరవుసీమలో నిలిచినది. మన దర్శనచరిత్రలలో దానికి అధ్యాయ మొకటి కేటాయించుట యుక్తము.