ఘంటసాల స్వరరచన: విజయనగర విద్య, వెండితెర వినియోగము

ప్రతిపాద్యము

ఘంటసాల వేంకటేశ్వరరావుగారి పేరు వినినంతనే తెలుగువారి స్మృతిపథమున మెదలునది ఆయన కంఠము. ఆ కంఠమునకు లభించిన అఖండకీర్తి ఆయనకే చెందిన మఱియొక ప్రజ్ఞను, అనగా స్వరరచనాప్రజ్ఞను, చిరకాలముగా మఱుగుపఱచుచు వచ్చినది. 'జగదేకవీరుని కథ' (1961) యందలి దర్బారీకానడ గానమును ఆయన రచనగానే తలచు శ్రోతలు నేటికిని కలరు. దానిని కూర్చినవారు పెండ్యాల నాగేశ్వరరావుగారు. 'దేవదాసు' (1953) పాటల స్వరకర్త సి. ఆర్. సుబ్బురామన్‌గారు. ఇతరుల రచనలకు ఘంటసాల ప్రాణము పోసినమాట నిజమే. కాని తాను స్వయముగా కూర్చిన సంగీతమును వేఱుగా నిలిపి పరిశీలించిననే గాని, శాస్త్రీయవిద్య నభ్యసించిన ఒక విద్వాంసుడు చలనచిత్రరంగమున ప్రవేశించి ఆ విద్య నేమి చేసెనను ప్రశ్నకు సమాధానము దొరకదు.

ఆ విద్య సినిమాలో క్షీణించినదని కొందఱు విచారించిరి. సినిమాకొఱకు ఆయన దానిని విడిచిపెట్టెనని మఱికొందఱు సరిపెట్టుకొనిరి. ఈ రెండభిప్రాయములును యుక్తములు కావనియు, విజయనగరమున ఆర్జించిన విద్య ఆయన యందు స్వరమును సాహిత్యమునకు వశముచేయు సంయమముగా పరిణమించినదనియు, ఆ పరిణామమునకు పరాకాష్ఠ పద్యగానమునందు కాననగుననియు ఈ వ్యాసమున నిరూపింప యత్నించుచున్నాను.

విద్యాభ్యాసము

ఘంటసాల 1922 డిసెంబరు 4న కృష్ణాజిల్లా గుడివాడ ప్రాంతమందలి చౌటపల్లి గ్రామమున జన్మించెను. తండ్రి సూరయ్యగారు నారాయణతీర్థుల తరంగములను భక్తితో గానము చేయువారు, మృదంగము నెఱిగినవారు. తండ్రి భుజముపై కూర్చుండి భజనలకు పోయిన ఆ బాలుడు తరంగములకు అభినయించుచు నాట్యమాడి 'బాలభరతు'డని పిలువబడెను. ఇది జీవితచరిత్రలో ముచ్చటగా చెప్పుకొని విడువదగిన విషయము కాదు. కృష్ణలీలాతరంగిణి కేవల కీర్తనల సంపుటము గాక కథను నడిపించు గేయప్రబంధము. అందు ప్రతి తరంగమును ఒక పాత్ర నోటనో, ఒక సన్నివేశమునందో పుట్టును. కావున రాగమనగా రసమునకును సన్నివేశమునకును కట్టుబడినదను సంస్కారము, శాస్త్రము నేర్వకమునుపే, ఆడి పాడు వయసుననే ఆయనకు అలవడినది.

తండ్రి చిన్నతనముననే గతించెను. సంగీతవిద్వాంసుడవు కావలెనను ఆయన కోరికను మనసున నిలుపుకొని ఘంటసాల విజయనగరము చేరెను. 1919లో స్థాపితమైన మహారాజావారి సంగీతకళాశాలకు ఆదిభట్ల నారాయణదాసుగారు ప్రథమాధ్యక్షులు. అనంతరము ద్వారం వేంకటస్వామినాయుడుగారు ఆ పీఠము నలంకరించిరి. ఒకరు హరికథాపితామహులు, సాహిత్యమును సంగీతమును అభినయమును ఒక్క దేహమున నిలిపినవారు. మఱియొకరు వాయులీనముపై నాదశుద్ధికి మాఱుపేరైనవారు. ఇట్టి విద్యాలయమున ఘంటసాలకు గాత్రగురువుగా లభించినవారు పట్రాయని సీతారామశాస్త్రిగారు. ఆ గురువర్యులు ప్రతిఫలాపేక్ష లేక విద్య చెప్పిరి. శిష్యుడు జోలె భుజమున వేసికొని ఇంటింట మధూకరము చేసి ఆకలి తీర్చుకొనుచు సాధన సాగించి విద్వత్పట్టమును గడించెను. ఆ ఋణమును ఆయన ఎన్నడును మఱువలేదు. గురుపుత్రులైన పట్రాయని సంగీతరావుగారు తరువాతికాలమున మదరాసులో ఆయన సహాయకులై చిరకాలము స్వరరచనలో తోడుగా నిలిచిరి. గురుకుటుంబమునకును శిష్యునకును నడుమ గల ఆ సంబంధము చిత్రపరిశ్రమ గందరగోళమునందును తెగిపోకుండుట వలననే, ఆయన బాణీలలో శాస్త్రసంప్రదాయపు పట్టు కడవఱకు సడలలేదని నా నమ్మకము.

మదరాసు ప్రవేశము

1942 నాటి జాతీయోద్యమమున పాల్గొని అలీపురము కారాగారవాసము ననుభవించిన పిమ్మట, సముద్రాల రాఘవాచార్యులవారి ప్రోత్సాహమున ఘంటసాల మదరాసు చేరెను. బాలాంత్రపు రజనీకాంతరావుగారు ఆకాశవాణిలో పాడు అవకాశములు కల్పించిరి. బృందగానములందు గొంతు కలుపుటతోను, చిన్నచిన్న వేషములతోను చిత్రజీవితము మొదలైనది. 'రత్నమాల' (1947), 'బాలరాజు' (1948) చిత్రములకు ఇతర సంగీతదర్శకులతో కలిసి పనిచేసి, 1949లో 'మనదేశం', 'కీలుగుఱ్ఱం' చిత్రములతో స్వతంత్రుడైన సంగీతదర్శకుడుగా స్థిరపడెను. విజయా సంస్థవారి తొలి చిత్రమైన 'షావుకారు' (1950), తదుపరి 'పాతాళభైరవి' (1951), 'పెళ్ళిచేసి చూడు' (1952), 'మాయాబజార్' (1957), 'గుండమ్మకథ' (1962) ఆయన సంగీతముతోనే వెలువడినవి.

ఈ వరుసను గమనించినచో ఒక విశేషము స్ఫురించును. గ్రామజీవితకథ, జానపదాద్భుతము, సాంఘికహాస్యము, పౌరాణికము: ఇన్ని జాతుల ఇతివృత్తములను పదిపన్నెండు సంవత్సరములలో ఒక్క స్వరకర్త నిర్వహించెను. కచేరీవేదికపై విద్వాంసుడు తన మనోధర్మమునకు తానే ప్రభువు. రాగమును ఎంతసేపు విస్తరించినను అడ్డుచెప్పువారు లేరు. చిత్రశాలలో అతడు కథకును, దర్శకునకును, గ్రామఫోను పలకకును బద్ధుడు. నిమిషమునకు 78 పర్యాయములు తిరుగు ఆ పలకపై ఒక్కొక్క వైపున ఇముడునది ఇంచుమించు మూడున్నర నిమిషముల పాట మాత్రమే. గంటసేపు విస్తరింపగల రాగమును మూడు నిమిషములలో సాక్షాత్కరింపజేయుటకు ఆ రాగము యొక్క జీవస్వరములెవ్వియో, ఏ సంచారముతో దాని రూపము తక్షణమే గోచరించునో నిస్సందేహముగా తెలిసియుండవలెను. విద్వత్తు తక్కువైనవానికి ఈ సంక్షేపము సాధ్యము కాదు.

రాగవినియోగము

'పాతాళభైరవి'లో తాను పి. లీలగారితో కలిసి పాడిన ప్రణయగీతమునకు ఘంటసాల రాగేశ్రీని గ్రహించెను. ఇది హిందూస్థానీ రాగము. పంచమమును వర్జించి, ఆరోహణమున రిషభమును విడిచి, మధ్యమమును ఆశ్రయించి తిరుగును. కర్ణాటక సంప్రదాయమున శిక్షితుడైన విద్వాంసుడు పరరాగమును స్వీకరించుటలో ఆశ్చర్యము లేదు. ధార్వాడ నాటకసమాజముల రాకతో మొదలైన ఉత్తరాది ఛాయ తెలుగు రంగస్థలమున అప్పటికే పాతుకొనియున్నది. ఆశ్చర్యకరమైనది ఆయన దానిని వినియోగించిన తీరు. తనకు వచ్చిన గమకములన్నిటిని ప్రదర్శింపక, పింగళి నాగేంద్రరావుగారి మాటల విఱుపు ననుసరించి, ప్రతి పదమును స్పష్టముగా నిలుపుచు రాగమును వెనుకనుండి నడిపించెను. శ్రోత మొదట మాటను వినును, ఆ వెంటనే భావమును పొందును. రాగము నామము తెలియకయే దాని రసమున మునుగును.

'వినాయకచవితి' (1957) చిత్రమున ఆయన చేసిన పని దీనికి భిన్నమైనది. ముత్తుస్వామి దీక్షితులవారి హంసధ్వనికృతి 'వాతాపి గణపతిమ్'ను అందు చేర్చి తానే గానము చేసెను. సభలకు పోవు అలవాటు లేని పల్లెవాసులకు సైతము ఆ కృతి ఇంటిపాటవలె సుపరిచితమగుటకు ఆ గానము ముఖ్యకారణము. ఇచ్చట ఆయన కొత్తది కూర్చలేదు. పరంపరగా వచ్చినదానిని సంగ్రహించి, దాని గాంభీర్యము చెడకుండ సామాన్యశ్రోతకు అందజేసెను. ఎచ్చట సృజింపవలెనో, ఎచ్చట కేవలము భద్రపఱుపవలెనో తెలిసిన వివేకము కూడ విద్యాఫలమే.

ఆ వివేకమునకు మఱియొక నిదర్శనము 'మాయాబజార్'. ఆ చిత్రమునకు మొదట సంగీతదర్శకులైన సాలూరి రాజేశ్వరరావుగారు నాలుగు పాటలకు బాణీలు కూర్చి తప్పుకొనగా, ఆ భారము ఘంటసాలపై పడినది. మోహనరాగమున నడచు నౌకావిహారగీతము రాజేశ్వరరావుగారి బాణీయే. పరుని రచనను తుడిచివేసి తన ముద్ర వేసికొనవలెనను తలంపు ఆయనకు కలుగలేదు. ఆ నాలుగు బాణీలను యథాతథముగా గ్రహించి, వాద్యసమ్మేళనము సమకూర్చి, తక్కిన పాటలను వాటితో శ్రుతి కలియునట్లు కూర్చెను. చిత్రము ఆద్యంతము ఒకే చేతి పనియైనట్లు వినబడుట ఉభయుల ప్రతిభకును గౌరవము తెచ్చునదే.

పద్యగానము

ఇంతవఱకు చెప్పినవి ఇతర భాషల స్వరకర్తలయందును కొంత కొంత కనబడవచ్చును. ఘంటసాలకే ప్రత్యేకమైనది పద్యము. తెలుగు రంగస్థలమున పద్యము నటగాయకుని విజయధ్వజము. ఛందస్సు ముగియుటే తడవుగా రాగాలాపనము సాగెడిది. ప్రేక్షకులు 'వన్స్‌మోర్' అని కేకలు వేయగా నటుడు చచ్చిపడినవాడైనను లేచి మఱల పాడెడివాడు. ఆ సంప్రదాయమునందు మహాగాయకులు పుట్టిరి, వారి గానము జాతికి ధనమే. అయినను చిత్రమునందు పాత్ర ముఖము తెరనిండ కనబడుచుండగా, కథ క్షణక్షణము ముందునకు సాగుచుండగా, దీర్ఘాలాపనము పాత్రను చంపి గాయకుని నిలుపును.

ఈ సమస్యకు ఘంటసాల కనుగొనిన పరిష్కారము మూడు సూత్రములుగా చెప్పవచ్చును. మొదటిది: పద్యమును గణవిభాగము ననుసరించి గాక అర్థవిభాగము ననుసరించి విఱుచుట, వృత్తము యొక్క నడక వెనుక మెదలుచుండగా ముందు వాక్యము వినబడవలెను. రెండవది: ఆలాపనమును పాదమధ్యమున చొప్పింపక, భావము ముగిసిన తావున, ఆ భావమునకు మిగిలిన స్పందనవలె క్లుప్తముగా నుంచుట. మూడవది: పాత్రోచితమైన స్వరస్థానము, రౌద్రమునకు తారస్థాయి పలుకును, శోకమునకు మంద్రమధ్యముల నెమ్మదిని కేటాయించుట. రాగలక్షణమును, ఛందస్సును సమముగా ఎఱిగినవానికే ఇట్టి సమన్వయము వశమగును.

చిత్రములకు వెలుపల జంధ్యాల పాపయ్యశాస్త్రిగారి 'పుష్పవిలాపము', 'కుంతికుమారి' ఖండికలను ఆయన స్వరపఱచి పాడిన పలకలు ఈ పద్ధతికి పరీక్షాస్థలములు. అచ్చట నటుడు లేడు, దృశ్యము లేదు. పూవుల మొఱయైనను, తల్లి పరితాపమైనను స్వరమొక్కటే కన్నులకు కట్టింపవలెను. చదువు రానివారు సైతము వృత్తపద్యములను కంఠస్థము చేసి పాడుకొనిరన్న, ఆ స్వరరచన పద్యమును పండితుల గ్రంథములనుండి జనుల నాలుకలకు చేర్చినదన్నమాట. అవసానదశలో ఆయన స్వరపఱచి గానము చేసిన భగవద్గీత ఈ పద్ధతికే చివరి రూపము: అచ్చట శ్లోకము, దాని వెంబడి తెలుగు తాత్పర్యము, రెంటికిని తగినంత మాత్రమే రాగము.

లవకుశ, రహస్యము

1963లో విడుదలైన 'లవకుశ' ఘంటసాల స్వరరచనకు మహాప్రబంధము వంటిది. పాటలు, పద్యములు కలిసి ముప్పదికి పైబడిన ఆ రచనలో పెక్కుభాగము ఇద్దఱు బాలుర నోట పలుకవలసినది. పి. సుశీల, పి. లీలగారల కంఠములను లవకుశులకు కేటాయించి, రామాయణగానమును పామరుడును అందుకొనగల వరుసలలో నడపి, ఆ సరళతలోనే రాగశుద్ధిని నిలిపెను. రెండు గొంతులు ఒక్క శ్రుతిలో కలిసి సాగుటకు వలసిన స్థాయీనిర్ణయము, ఊపిరి విఱుపులు, పదోచ్చారణలోని ఏకత్వము గురుముఖమున నేర్చిన విద్య యొక్క నిశ్శబ్దసాక్ష్యములు.

'రహస్యం' (1967) చిత్రమున మల్లాది రామకృష్ణశాస్త్రిగారు రచించిన 'గిరిజాకల్యాణము' కూచిపూడి యక్షగాన ఫక్కికలో నడచినది. తరంగములకు ఆడిన చౌటపల్లి బాలునిలోని సంస్కారము, విజయనగర విద్వాంసుని శాస్త్రము, చిత్రసంగీతదర్శకుని దృశ్యజ్ఞానము ఇచ్చట సంగమించినవి. చిత్రము ధనార్జనలో విఫలమైనది. కాని ఆ యక్షగానమును సంగీతవిద్యార్థులు పాఠ్యముగా అభ్యసింపదగును.

ఆక్షేపసమాధానములు

కచేరీవిద్వాంసుడుగా ఆయన సాధింపగలిగినది కోల్పోయితిమను ఆక్షేపమున కొంత సత్యము లేకపోలేదు. మనోధర్మసంగీతమునకు చిత్రములలో చోటు లేదు; నెరవు, కల్పనస్వరము, రాగతానపల్లవులు మూడు నిమిషముల పాటలో ఇముడవు. ఆ విద్యాభాగము ఆయన యందు పూర్ణవికాసమును పొందలేదని అంగీకరింపవలసినదే. కాని విద్యకు వినియోగము ఒక్క కచేరీయే అని నిర్ణయించుట మన సంప్రదాయమునకే విరుద్ధము. భరతుడు గానమును నాట్యాంగముగానే వివరించెను. యక్షగానకర్తలు, హరికథకులు, తరంగగాయకులు శాస్త్రమును కథకు అంకితము చేసినవారే. నారాయణదాసుగారి విద్యాలయమున చదివిన విద్యార్థి పాత్రకొఱకు, కథకొఱకు రాగమును వినియోగించుట సంప్రదాయభంగము కాదు, సంప్రదాయములోని ఒక ప్రాచీనశాఖకు నూతనక్షేత్రమున లభించిన కొనసాగింపు.

1974 ఫిబ్రవరి 11న ఘంటసాల దివంగతుడాయెను. ఆయన గానమును గూర్చిన ప్రశంస నేటికిని పుష్కలముగా వినబడుచున్నది. స్వరరచనను గూర్చిన అధ్యయనము ఆ స్థాయిలో సాగవలసియున్నది. ఆయన సంగీతదర్శకత్వము వహించిన చిత్రములలోని పద్యములను ఛందస్సు, రాగము, పాత్ర అను మూడు దృష్టులతో స్వరలిపిలో వ్రాసి ముద్రించుట, పూర్వరంగస్థల గాయకుల ధ్వనిముద్రణములతో వానిని పోల్చి చూచుట, సంగీతకళాశాలల పాఠ్యప్రణాళికలో పద్యగానమునకు స్థానము కల్పించుట తక్షణకర్తవ్యములని భావించుచున్నాను. తెలుగుపద్యము ఇరువదవ శతాబ్దియందు అచ్చుపుటకు మాత్రమే పరిమితము గాక వినబడు కవిత్వముగా జీవించినదన్న, ఆ జీవనమునకు కారకులైనవారిలో స్వరకర్తయైన ఘంటసాలకు అగ్రస్థానము చెల్లవలెను.