హైదరాబాద్ కేసు ఐక్యరాజ్యసమితికి ఎందుకు వెళ్లింది?

ఈరోజు పుట్టపర్తిలో, చిత్రావతి పక్కన కూర్చుని మాట్లాడుతున్నా. మా ఊరికీ ఐక్యరాజ్యసమితికీ ఏంటి సంబంధం అంటారా? ఉంది. చివర్లో చెప్తా.

1947లో బ్రిటిష్ వాళ్లు వెళ్లిపోయాక హైదరాబాద్ నిజాం భారత్‌లో చేరనన్నాడు. నవంబర్ 29న ఏడాది కాలానికి యథాతథ ఒప్పందం కుదిరింది. కానీ నిలవలేదు. ఒకపక్క రజాకార్ల దాడులు, ఇంకోపక్క భారత్ ఆర్థిక దిగ్బంధం, పల్లెల్లో రైతుల సాయుధ పోరాటం.

1948 ఆగస్టు 21న నిజాం ప్రభుత్వం భద్రతా మండలికి ఫిర్యాదు పంపింది. సెప్టెంబర్ 13న భారత సైన్యం లోపలికి వచ్చింది. 16న పారిస్‌లో మండలి కూర్చుంది. నిజాం తరఫున మొయిన్ నవాజ్ జంగ్, భారత్ తరఫున రామస్వామి ముదలియార్ వాదించారు. హైదరాబాద్ అసలు దేశమే కాదు, ఇది మా ఇంటి వ్యవహారం అన్నది భారత్ వాదన. మరుసటి రోజే నిజాం లొంగిపోయాడు. 22న ఫిర్యాదు వెనక్కి తీసుకుంటున్నానని కేబుల్ పంపాడు.

పెద్దమనుషులు పంచాయితీకి కూర్చునేసరికి ఫిర్యాదుదారే లేడన్నమాట!

కాశ్మీర్‌తో పోల్చి చూడండి. అక్కడ సమితికి వెళ్లింది మనమే, 1948 జనవరి 1న. ఇద్దరూ వెనక్కి తగ్గలేదు కాబట్టి 1949లో వచ్చిన సమితి పరిశీలకులు ఇప్పటికీ ఉన్నారు. ఇద్దరి మధ్య నిలబడాలంటే ఇద్దరూ మిగిలి ఉండాలి కదా.

అయితే హైదరాబాద్ కథ ఐదు రోజుల్లో అయిపోలేదు. నెహ్రూ పంపిన సుందర్‌లాల్ బృందం, సైనిక చర్య సమయంలో, ఆ తర్వాత 27,000 నుంచి 40,000 మంది చనిపోయి ఉంటారని అంచనా వేసింది. వాళ్లలో ఎక్కువమంది ముస్లింలు. ఆ నివేదిక దశాబ్దాల పాటు బయటికి రాలేదు. రజాకార్ల చేతిలో పోయిన ప్రాణాలూ ప్రాణాలే, ఇవీ ప్రాణాలే. బయటి పరిశీలకుడు ఒక్కడున్నా వీటికి అప్పుడే ఒక లెక్క ఉండేదేమో.

ఇక మా ఊరి సంగతి. 1800లో అప్పటి నిజాం కంపెనీ సైన్యం ఖర్చు కింద ఈ ప్రాంతాన్ని ఇంగ్లీషువాళ్లకు రాసిచ్చేశాడు. దత్తమండలాలు అన్నది అందుకే. ఆ సంతకం పడకపోయుంటే 1948లో పారిస్‌లో నడిచిన వాదన మా గురించి కూడా అయ్యుండేది.

మీ ఇంట్లో పెద్దవాళ్లుంటే ఆ సెప్టెంబర్ గురించి ఒకసారి అడగండి. వాళ్లు చెప్పేది రికార్డు చేసి పెట్టుకోండి. ఉంటా మరి!