మాన్సాస్ కుర్చీ ఎవరిది? ధర్మకర్త మారినప్పుడు కోర్టు ఏం చూస్తుంది

ఈ శుక్రవారం మన విజయనగరం మాన్సాస్ ట్రస్టు గురించి రాస్తున్నాం. మా క్యాంపులో విజయనగరం, శ్రీకాకుళం వాళ్ళం ఎక్కువ. ఆ కుర్చీ గొడవ టీవీలో వచ్చిన రోజుల్లో మెస్సులో రెండు పార్టీలుగా విడిపోయి అరుచుకున్నాం. ఎవరు మంచోళ్ళు, ఎవరు చెడ్డోళ్ళు అన్నదే మా గొడవ. కోర్టులో నడిచింది మాత్రం అది కాదు. ఆ కుర్చీలో ఎవరు కూర్చోవాలి, ఆ మాట ఎక్కడ రాసి ఉంది అన్నది కోర్టు గొడవ.

ముందు పాత సంగతి ఒకటి. మద్రాసులో పచ్చయ్యప్ప మొదలియార్ అనే ఆయన కంపెనీ దొరల కాలంలో దుబాసీగా బాగా సంపాదించాడు. ధర్మానికని విల్లు రాసి 1794లో చనిపోయాడు. డబ్బు చేతిలో ఉన్నవాళ్ళ మధ్య వ్యాజ్యాలు మొదలయ్యి, మద్రాసు సుప్రీంకోర్టు కలగజేసుకుని, అడ్వకేట్ జనరల్ జార్జి నార్టన్ పట్టుపట్టాక గానీ బడి తెరవలేదు. అది 1842. అంటే 48 ఏళ్ళు. ఆయన పోయిన ఏడాది పుట్టిన పిల్లాడికి బడి తెరిచేసరికి మనవలు కూడా ఉండుంటారు.

గుళ్ళ సంగతీ అంతే. తిరుమలని కంపెనీ వాళ్ళు 1843లో హాథీరాంజీ మఠం మహంతుకి అప్పగించారు. దాని మీద తగాదా లండన్‌లో ప్రీవీ కౌన్సిల్ దాకా వెళ్ళింది. చివరికి 1932లో చట్టం చేసి, 1933లో కమిటీకి మార్చారు. ఈలోగా మద్రాసు రాష్ట్రంలో పానగల్లు రాజా, అంటే మన పానగంటి రామరాయణింగారు, ముఖ్యమంత్రిగా ఉండి మొదటి దేవాదాయ చట్టం తెచ్చారు. ధర్మకర్త అంటే లెక్క చెప్పవలసినవాడు అన్న మాట అక్కడ గట్టిపడింది.

గుళ్ళు కాని ధర్మాలకి దారి వేరు. 1908 సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 92వ సెక్షన్ ఉంది. ధర్మంతో సంబంధం ఉన్న ఇద్దరు మనుషులు కలిసి దావా వేయవచ్చు. ధర్మకర్తని తీసెయ్యండి, కొత్తవాడిని పెట్టండి, లెక్కలు చెప్పించండి అని అడగవచ్చు. ముందు కోర్టు అనుమతి కావాలి. ప్రతివాడూ కక్షతో కేసు పడెయ్యకుండా ఆ అడ్డు పెట్టారు. ఇద్దరు చాలు అన్నది మాకు బాగా నచ్చింది. రాజు, మంత్రి అవ్వక్కర్లేదు.

ఇప్పుడు మాన్సాస్. 1958లో పూసపాటి పి.వి.జి. రాజు గారు తండ్రి అలక నారాయణ గజపతి పేరు మీద పెట్టారు. ఆయన రాజు కుటుంబంలో పుట్టి సోషలిస్టు అయిన మనిషి. గురజాడ చదివి, పాఠం చెప్పిన మహారాజా కాలేజీ, కోటలో ఆడపిల్లల కాలేజీ అన్నీ ఈ ట్రస్టు కిందవే. భూములు 14 వేల ఎకరాలకి పైనే అని పేపర్లు రాశాయి. 1995లో ఆయన పోయాక పెద్దకొడుకు ఆనంద గజపతిరాజు చైర్మన్ అయ్యారు. 2016లో ఆయన పోయాక తమ్ముడు అశోక్ గజపతిరాజు వచ్చారు. అప్పటిదాకా పెద్ద గొడవ లేదు.

2020 మార్చిలో ప్రభుత్వం జీవోలు ఇచ్చి ఆనంద గజపతి కూతురు సంచయితని చైర్‌పర్సన్ చేసింది. సింహాచలం దేవస్థానం కుర్చీ కూడా ఆమెకే ఇచ్చింది. అశోక్ గారు హైకోర్టుకి వెళ్ళారు. ట్రస్టు దస్తావేజు ప్రకారం వంశంలో పెద్ద మగవాడే చైర్మన్ కావాలని ఆయన వాదన. ఆడవాళ్ళని పక్కన పెట్టడం రాజ్యాంగానికి విరుద్ధం అని అవతలి వాదన.

ఇక్కడ కొంచెం ఆగాలి. 1987లో రాష్ట్రం కొత్త దేవాదాయ చట్టం చేసి వంశపారంపర్య ధర్మకర్తృత్వాన్ని రద్దు చేసింది. దాని మీద పన్నాలాల్ బన్సీలాల్ పిట్టీ కేసు సుప్రీంకోర్టుకి వెళ్ళింది. వంశహక్కు తీసెయ్యడం చెల్లుతుంది గానీ, ధర్మం స్థాపించిన కుటుంబంలో ఒకరిని చైర్మన్‌గా ఉంచాలి అని 1996లో తీర్పు వచ్చింది. మంచిదే. మరి ఆ ఒకరు ఎవరు? అన్న కూతురా, తమ్ముడా? మాన్సాస్ కేసు ఆ ఖాళీలోంచే పుట్టింది.

2021 జూన్ 14న హైకోర్టు ఆ జీవోలు కొట్టేసింది. అశోక్ గారు మళ్ళీ కుర్చీలోకి వచ్చారు. అప్పీలు వేస్తే ఆగస్టులో డివిజన్ బెంచీ కూడా ఒప్పుకోలేదు. సైట్లో పనిచేసేవాడికి ఇది తేలిగ్గా అర్థం అవుతుంది. సంతకం ఉన్న డ్రాయింగు ఉండగా ఫోన్లో చెప్పారని పిల్లరు జరపలేం కదా.

ఆడపిల్ల ఎందుకు కూర్చోకూడదు అన్న ప్రశ్న మాలో చాలామందికి ఇంకా ఉంది. కూతుళ్ళకి ఆస్తిలో కొడుకులతో సమానంగా వాటా మన ఆంధ్రలో ఎన్టీఆర్ హయాంలో, 1985 నుంచే ఉంది. కానీ ఆస్తి వాటా వేరు, ధర్మకర్త కుర్చీ వేరు. ధర్మకర్త ఆ భూమికి సొంతదారు కాదు. తాళం మాత్రమే ఆయన చేతిలో ఉంటుంది. అందుకే కూతురికి వాటా ఉంది గనక కుర్చీ కూడా ఉంది అని నేరుగా చెప్పలేం. అలాగని ధర్మం పెట్టినవాళ్ళు మగవాడే అని రాస్తే ఎప్పటికీ అదే నడవాలా? మా మెస్సులో అది తేలలేదు.

తేలినది ఒకటి ఉంది. కుర్చీ కోసం పైన కొట్టుకుంటే కింద ఆగిపోయేది జీతాలు. 2021 జూలైలో, తీర్పు వచ్చి నెల తిరిగాక, మాన్సాస్ సిబ్బంది జీతాల కోసం ట్రస్టు ఆఫీసు ముందు ఆందోళన చేశారు. గెలిచినవాళ్ళు ఎవరు, ఓడినవాళ్ళు ఎవరు అన్నది పేపర్లో పెద్ద అక్షరాలతో వచ్చింది. పాఠం చెప్పేవాళ్ళ సంగతి లోపలి పేజీలోకి పోయింది. జీతం నెలాఖరుకి రాకపోతే ఏమవుతుందో మనకి ఎవరూ చెప్పక్కర్లేదు.

మన ఊళ్ళలో ఇప్పుడు గల్ఫు డబ్బుతో రామాలయాలు, కల్యాణమండపాలు, బడికి గదులు లేస్తున్నాయి. చాలావాటికి ఒక ట్రస్టు పేరు పెట్టి, రిజిస్ట్రేషను చేయించి, ఊరి పెద్దమనిషిని అధ్యక్షుడిగా రాసేస్తున్నారు. ఆయన పోతే ఎవరు, ఆయన్ని తీసెయ్యాలంటే ఎలా, బ్యాంకులో ఎవరి సంతకం చెల్లుతుంది అన్న లైన్లు ఆ కాగితంలో ఉన్నాయా? మీ ఊరిది ఎవరి దగ్గరైనా ఉంటే వాట్సాప్‌లో తెప్పించుకుని చదవండి. ఏం రాసి ఉందో మాకూ చెప్పండి. మా ఊరిది మేం అడిగి పది రోజులయ్యింది, ఇంకా రాలేదు.