మూడు డిస్కుల సినిమా

రెండున్నర గంటలు దాటిన తెలుగు సినిమాకు వీసీడీ కొంటే పెట్టెలో మూడు డిస్కులు ఉండేవి. ఒక్కోదాంట్లో పట్టేది 74 నిమిషాలే. మంచి రసపట్టులో బొమ్మ ఆగిపోతే ఎవరో ఒకరు లేచి డిస్కు మార్చాలి. 1993లో ఖరారైన ఆ పద్ధతిలో, మన టీవీలకు సరిపడే బొమ్మ 352 అడ్డం, 288 నిలువు పిక్సెళ్లు. సెకను బొమ్మంతా దాదాపు 1,150 కిలోబిట్లలో ఇమిడిపోవాలి. హీరో నిలబడి మాట్లాడితే ఫరవాలేదు. వాన పాట మొదలైతే మాత్రం తెర నిండా చదరపు గళ్లు లేచేవి.

ఆ గళ్ల పుట్టుక అమెరికాలో, ఒక బెంగళూరు మనిషి చేతిలో జరిగింది.

నాసిర్ అహ్మద్ అప్పట్లో కాన్సాస్ స్టేట్ యూనివర్సిటీలో పాఠాలు చెప్పేవారు. బొమ్మను చిన్న గళ్లుగా కోసి, ప్రతి గడినీ అలల లెక్కలోకి మార్చి, కంటికి అంతగా ఆనని సన్న అలలను వదిలేయవచ్చన్నది ఆయన ఆలోచనకు మూలం. 1972లో నేషనల్ సైన్స్ ఫౌండేషన్‌ను నిధులు అడిగితే రాలేదు. మరీ తేలిక ఆలోచనలా ఉందని ఒక పరిశీలకుడు అన్నారట. ఏడాదికి తొమ్మిది నెలల జీతం మీద బతికే అధ్యాపకుడికి వేసవి ఆదాయం పోవడమంటే చిన్న సంగతి కాదు. అయినా భార్యతో మాట్లాడుకుని 1973 వేసవి అంతా ఆ లెక్కకే ఇచ్చేశారు. శిష్యుడు టి. నటరాజన్, మిత్రుడు కామిశెట్టి రామమోహనరావుతో కలిసి రాసిన వ్యాసం 1974 జనవరిలో అచ్చయింది. రావుగారు మద్రాసు గిండీ కాలేజీలో ఇంజనీరింగ్ చదివినవారు. ఆ లెక్క పేరే డిస్క్రీట్ కొసైన్ ట్రాన్స్‌ఫామ్. వీసీడీ, డీవీడీ, 2003 నాటి హెచ్.264 అనే వీడియో కుదింపు పద్ధతి (కోడెక్), అన్నీ దాని సంతానమే.

2013లో హెచ్.264కు తర్వాతి తరంగా హెచ్‌ఈవీసీ అనే కోడెక్ వచ్చింది. పాతవాటిలో 16 పిక్సెళ్లకు మించని ప్రధాన గడి ఇందులో 64 దాకా పెరుగుతుంది. ఖాళీ ఆకాశానికి పెద్ద గడి, కనురెప్పలకు చిన్న గడి. పక్క గళ్లను చూసి ఈ గడి ఎలా ఉంటుందో 33 దిక్కుల నుంచి ఊహిస్తుంది. హెచ్.264తో పోలిస్తే దాదాపు సగం బిట్లతో అదే నాణ్యత. కుదించని, నిలువున 1080 పిక్సెళ్ల బొమ్మ రెండున్నర గంటలకు సుమారు 670 జీబీ అవుతుందంటే, అయిదారు జీబీల ఫైలు వెనక ఎంత పని జరిగిందో అర్థమవుతుంది.

అయితే పాత సినిమాల దగ్గర జాగ్రత్త కావాలి. ఫిల్ము మీది సన్నని రేణువులు ఫ్రేముకో తీరుగా ఉంటాయి, ఊహకు అందవు. బిట్లు బిగిస్తే ముందు పోయేవి అవే. ముఖాలు మైనం పూసినట్టు నున్నగా తేలతాయి. అందుకే సైజు ముందే నిర్ణయించుకుని కుదించడం సరైన పద్ధతి కాదు. హెచ్‌ఈవీసీలోకి కుదించే ఎక్స్265 అనే సాఫ్ట్‌వేర్‌లో నాణ్యతను పట్టి ఉంచే సీఆర్‌ఎఫ్ అనే అంకె ఉంది. అది మామూలుగా 28 మీద ఉంటుంది. అంకె తగ్గేకొద్దీ బొమ్మ బాగుంటుంది, ఫైలు పెరుగుతుంది.

ఇంట్లోని పెళ్లి వీడియోనో, తాతగారి షష్టిపూర్తి డిస్కునో హెచ్‌ఈవీసీలోకి మార్చుకుంటే మంచిదే. కానీ పాత ఫైలును చెరిపేయకండి. ఒకసారి వదిలేసిన అలలను ఏ కొత్త కోడెక్కూ వెనక్కి తేలేదు.