311వ అధికరణం

కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వాల సివిల్ ఉద్యోగులకు రక్షణనిచ్చే భారత రాజ్యాంగ నిబంధన. 1935 భారత ప్రభుత్వ చట్టంలోని 240వ సెక్షన్ దీనికి మూలం. నియమించిన అధికారి కంటే కిందిస్థాయి వారు ఉద్యోగిని డిస్మిస్ చేయడానికి గానీ తొలగించడానికి గానీ వీల్లేదు. అభియోగాలు తెలిపి, విచారణ జరిపి, సంజాయిషీ చెప్పుకొనే అవకాశం ఇవ్వాలి. హోదా తగ్గించాలన్నా ఈ విచారణ తప్పదు. సస్పెన్షన్ శిక్ష కాదు కనుక దీని కిందికి రాదు.

శిక్ష ఖరారుకు ముందు మరోసారి వాదన వినిపించే హక్కును 1976 నాటి 42వ సవరణ తీసేసింది. మరి విచారణ నివేదిక ఉద్యోగి చేతికి రాకుండానే వేటు పడితే? హైదరాబాద్‌లోని ప్రభుత్వరంగ సంస్థ ఇసిఐఎల్ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం 1993లో దీన్ని తేల్చింది. నివేదిక ప్రతిని ముందే ఇవ్వాలి; అయితే ఇవ్వనంత మాత్రాన ఉత్తర్వు దానంతటదే రద్దు కాదు, దానివల్ల ఉద్యోగికి నష్టం జరిగిందా అన్నది చూడాలి. విచిత్రమేమిటంటే, ప్రభుత్వరంగ సంస్థల సిబ్బందికి ఈ అధికరణమే వర్తించదు. ఆ తీర్పు ఫలం వారికి సహజ న్యాయ సూత్రాల దారిలో అందింది.

క్రిమినల్ కేసులో దోషిగా తేలినప్పుడు, విచారణ ఆచరణసాధ్యం కానప్పుడు, రాజ్య భద్రత కోరినప్పుడు విచారణ అక్కర్లేదు. తులసీరామ్ పటేల్ కేసు (1985) వీటిని సమర్థించింది. రెండో మినహాయింపుకు కారణం రాతపూర్వకంగా ఉండాలి. తగవులు రేగేదీ ఆ కారణం దగ్గరే.