కనుమ మూస్తే చెరువు, తెరిస్తే దారి

పడమటి ప్రకాశం అనగానే కరువు సీమ అని ఒక్క మాటలో తేల్చేయడం చాలామందికి అలవాటు. కరువు అబద్ధమేమీ కాదు. అయితే ఈ నేల చరిత్రను కరువుతో మొదలుపెడితే సగం కనబడదు, కనుమతో మొదలుపెట్టాలన్నది నా వాదన. కొనకనమిట్ల అన్న పేరులోనే కొన, కనమ, మిట్ట మూడూ వినిపిస్తాయి. ఊరి పేరు మీద చరిత్ర కడితే పేకమేడే కదా అంటే కాదనను. పేర్లకు ఎవరికి తోచిన అర్థం వాళ్లు చెప్పుకోవచ్చు. కాబట్టి పేరును పక్కనబెట్టి రాయిని అడుగుదాం.

మార్కాపురం పలకల రాయి అంచు మీద ఉలి పెట్టి మెల్లగా తట్టితే పొరలు పొరలుగా విడిపోతుంది. తెలుగు పిల్లలు అఆలు దిద్దిన నల్ల పలక ఆ పొరే. ఈ మెత్తటి రాయి పక్కనే గట్టి క్వార్ట్‌జైట్ ఉంది. మెత్తది వానకూ వాగుకూ అరిగి లోయ అయింది, గట్టిది నల్లమల, వెలిగొండ వరుసలై నిలిచింది. ఆ వరుసలను వాగులు కోసిన చోట కనుమలు పడ్డాయి, కొండ దాటే దారులయ్యాయి. నంద్యాల రైలు కూడా దిగువమెట్ట దాటి నల్లమల అడవిలోనే కొండ ఎక్కి, కొండ మరీ అడ్డమైన చోట బొగడ సొరంగంలో దూరుతుంది.

కనుమ దారిచ్చినా మన పాలకులు మాత్రం కొండను చూసి జిల్లాల గీత గీశారు. 1970 ఫిబ్రవరి 2న ఒంగోలు జిల్లా (తర్వాతి ప్రకాశం) ఏర్పడేదాకా మార్కాపురం, గిద్దలూరు కర్నూలులో, పొదిలి నెల్లూరులో ఉండేవి. ఏ జిల్లాకు చూసినా ఈ సీమ కొసే. కొస ఊళ్లను తలుచుకునేది కరువొచ్చినప్పుడే.

కనుమను మూయడం తెలిసినవాళ్లకు మాత్రం ఇది కొస కాదు. కంభం దగ్గర కొండల నడుమ గుండ్లకమ్మ బయటపడే సందుకు మట్టికట్ట వేసి చెరువు చేశారు. విజయనగర రాజవంశపు వరదరాజమ్మ కట్టించిందని జనం మాట. 2020లో దానికి ప్రపంచ వారసత్వ నీటిపారుదల కట్టడంగా గుర్తింపు దక్కింది. 1996లో శంకుస్థాపన జరిగిన వెలిగొండ ప్రాజెక్టుదీ అదే ఉపాయం: సుంకేసుల, గొట్టిపడియ, కాకర్ల దగ్గర కొండ సందులు మూస్తే నల్లమల సాగర్. ఇంజనీర్లు గ్యాప్ అన్నది మన కనుమనే.

కనుమ మూస్తే చాలినప్పుడు ఇంత దాహం ఎందుకని అడగొచ్చు. నిజమే, చాలదు. కంభం చెరువుకు ఎగువన వానపడితేనే నీళ్లు. వెలిగొండకు శ్రీశైలం నుంచి కృష్ణ నీళ్లు రావాలంటే నల్లమల కింద దాదాపు 19 కిలోమీటర్ల సొరంగాలు రెండు తొలవాల్సి వచ్చింది. బోర్లున్నాయి కదా అనేవాళ్లు కనిగిరి, పొదిలి వైపు నీళ్లు తాగి చూడాలి. కొండ వరుసకు తూర్పున నేల కింద రాయి మారుతుంది, ఆ రాతిలోంచి ఫ్లోరైడ్ నీళ్లలోకి దిగుతుంది. బోరు ఇంకో వంద అడుగులు దించినా ఆ రాయే తగులుతుంది.