నిరాయుధుని ప్రాణం: 1948 నాటి హైదరాబాదు

యుద్ధంలో ఆయుధం పట్టనివారి జోలికి పోరాదన్న నియమం జెనీవాలో పుట్టింది కాదు. సిరియాకు సేనలను పంపుతూ హజ్రత్ అబూబక్ర్ (రజి) స్త్రీలను, పసివారిని, వృద్ధులను చంపరాదని శాసించారు. ఎనిమిదవ శతాబ్దిలో ఇమామ్ ముహమ్మద్ షైబానీ ఇటువంటి నియమాలను ‘సియర్’ శాస్త్రంగా క్రోడీకరించారు. దానిని ఆధునిక న్యాయ పరిభాషలో వివరించిన డాక్టర్ ముహమ్మద్ హమీదుల్లా 1908లో హైదరాబాదులో జన్మించి, ఉస్మానియా విశ్వవిద్యాలయంలో బోధించినవారు.

ఆ గడ్డమీదనే 1948లో ఈ నియమం మంటగలిసింది. ఆగస్టులో రజాకార్ల దాడులకు బైరాన్‌పల్లి గ్రామస్థులు, పత్రికా సంపాదకుడు షోయబుల్లా ఖాన్ బలయ్యారు. సెప్టెంబరు 13న ఆరంభమైన సైనికచర్య 17న ముగిసింది. ముస్లిం పౌరుల ఊచకోత మాత్రం ఆగలేదు. పండిత్ సుందర్‌లాల్, ఖాజీ అబ్దుల్ గఫ్ఫార్ ప్రభృతుల సంఘం ఆ ఏడాది చివర జిల్లాలలో పర్యటించి, మృతులు 27 వేల నుండి 40 వేల వరకు ఉంటారని అంచనా వేసింది. ఆ నివేదిక దశాబ్దాలపాటు వెలుగు చూడలేదు.

అంతర్యుద్ధాలలో సైతం నిరాయుధులను కాపాడవలెనన్న జెనీవా నిబంధన 1949 ఆగస్టు 12న వచ్చింది. అంతకుముందే, ఆ నివేదిక చెప్పినట్లు, పలుచోట్ల హిందూ నేతపనివారు తమ ప్రాణాలొడ్డి ముస్లిం నేతపనివారిని కాపాడారు. ఏ మతస్థుడైనా నిరాయుధుని ప్రాణం ఒక్కటేనన్న ధర్మాన్ని ఆ నాడు నిలిపినవారు వారే.